విద్యుత్ ప్రసార లైన్ల కింద సాగుభూమి: భూయజమాని, కౌలుదారుల పరిహార హక్కులు – నష్ట నిర్ధారణలో వ్యవసాయ శాస్త్రవేత్త పాత్ర (తిరువూరు మెట్ట ప్రాంతం ఆధారంగా ఒక పరిశీలన)

సారాంశం

అధిక వోల్టేజి విద్యుత్ లైన్లు ప్రైవేటు భూముల మీదుగా వెళ్లినప్పుడు భూమి యాజమాన్యం రైతు పేరునే ఉంటుంది. ఆ భూమిని తనకు నచ్చిన విధంగా వినియోగించుకునే స్వేచ్ఛ మాత్రం శాశ్వతంగా తగ్గిపోతుంది. 1885 నాటి భారతీయ టెలిగ్రాఫ్ చట్టం, 2003 విద్యుత్ చట్టం, కేంద్ర విద్యుత్ మంత్రిత్వ శాఖ 2015, 2024 సంవత్సరాల్లో జారీ చేసిన మార్గదర్శకాలు, సుప్రీంకోర్టు తీర్పులు ఈ నష్టానికి పరిహార మార్గాన్ని చూపుతున్నాయి. చట్టం పూర్తి పరిహారం ఇవ్వాలని చెబుతుంది. నష్టం ఎంతో నిరూపించే భారం ఆచరణలో సాగుదారుపైనే పడుతుంది. ఆ నిరూపణకు కావలసిన దిగుబడి, చెట్ల విలువ, నేల స్థితి వివరాలను శాస్త్రీయంగా నమోదు చేయగలిగినవారు విస్తరణ శాస్త్రవేత్తలు. తిరువూరు ప్రాంతపు మామిడి, పత్తి, మిరప సాగును దృష్టిలో ఉంచుకొని నష్టాల వర్గీకరణను, అంచనా పద్ధతిని, నివేదిక స్వరూపాన్ని ఈ వ్యాసం వివరిస్తుంది.

కీలక పదాలు: విద్యుత్ ప్రసార లైన్లు, పరిహారం, టెలిగ్రాఫ్ చట్టం, మామిడి, చెట్ల విలువ నిర్ధారణ, కౌలు రైతు

1. పరిచయం

ఎన్టీఆర్ జిల్లాలోని తిరువూరు రెవెన్యూ డివిజన్ తెలంగాణలోని ఖమ్మం జిల్లాకు సరిహద్దుగా ఉన్న మెట్ట ప్రాంతం. ఎర్ర చల్క నేలలు, అక్కడక్కడ నల్లరేగళ్లు, బోరుబావులు, నాగార్జునసాగర్ ఎడమ కాలువ చివరి భూములు ఇక్కడి వ్యవసాయానికి ఆధారం. తిరువూరు, విస్సన్నపేట, రెడ్డిగూడెం, ఎ.కొండూరు మండలాలు నూజివీడు మామిడి మండలానికి కొనసాగింపుగా ఉన్నాయి. బంగినపల్లి, తోతాపురి (స్థానికంగా కలెక్టర్), రసాలు ప్రధాన రకాలు. వీటితోపాటు పత్తి, మిరప, మొక్కజొన్న సాగవుతాయి.

ఇబ్రహీంపట్నంలోని డాక్టర్ నార్ల తాతారావు థర్మల్ విద్యుత్ కేంద్రం, విజయవాడ సమీపాన నున్నలోని 400 కె.వి. ఉపకేంద్రం జిల్లాను రాష్ట్ర, జాతీయ ప్రసార వ్యవస్థలో ముఖ్యమైన కూడలిగా మార్చాయి. వేమగిరి, ఖమ్మం, హైదరాబాద్‌లను కలిపే 765 కె.వి. లైన్ వంటి పెద్ద పథకాలు కోస్తా, తెలంగాణ ప్రాంతాల మధ్య విద్యుత్ ప్రవాహాన్ని పెంచాయి. ఇటువంటి లైన్ల ప్రయోజనం దేశమంతటికీ చెందుతుంది. దాని భారం మాత్రం లైన్ కిందికి వచ్చిన కొద్దిపాటి కమతాలపై పడుతుంది. పరిహారం అనే భావనకు పునాది ఈ అసమానతే.

రెండెకరాల మామిడి తోట మధ్యనుంచి 400 కె.వి. లైన్ వెళితే, దాని కారిడార్‌లోకి సుమారు ఒక ఎకరం వస్తుంది. అంటే సగం తోట. ఇరవై ఎకరాల ఆసామికి అదే లైన్ ఒక అసౌకర్యం. రెండెకరాల రైతుకు అది జీవనాధారంలో సగం. ఈ తేడాను అంకెల్లో చూపలేకపోతే పరిహారపు లెక్కలో అది కనిపించదు.

2. చట్టపరమైన నేపథ్యం

2.1 టెలిగ్రాఫ్ చట్టం, విద్యుత్ చట్టం

2003 విద్యుత్ చట్టంలోని 164వ సెక్షన్ ప్రకారం, టెలిగ్రాఫ్ లైన్లు వేయడానికి 1885 చట్టం కింద టెలిగ్రాఫ్ అధికారికి ఉన్న అధికారాలను ప్రభుత్వం లిఖితపూర్వక ఉత్తర్వు ద్వారా విద్యుత్ సంస్థకు ఇవ్వవచ్చు. పవర్‌గ్రిడ్ సంస్థకు కేంద్ర ప్రభుత్వం 2003 డిసెంబరు 24న ఈ అధికారాలు కల్పించింది. 2023 టెలికమ్యూనికేషన్ల చట్టం పాత టెలిగ్రాఫ్ చట్టాన్ని రద్దు చేసినప్పటికీ, విద్యుత్ ప్రసార లైన్ల విషయంలో దాని మూడవ భాగం కొనసాగేందుకు ప్రత్యేక రక్షణ నిబంధనను చేర్చింది. కనుక ఈ క్రింది సెక్షన్లు నేటికీ అధ్యయనం చేయదగినవే.

సెక్షన్ 10: లైన్ వేయడానికి అధికారం ఇస్తూనే కొన్ని హద్దులు విధిస్తుంది. సంస్థకు భూమిపై వినియోగ హక్కు తప్ప మరే హక్కూ సంక్రమించదు. పనిలో సాధ్యమైనంత తక్కువ నష్టం కలిగించాలి. కలిగిన నష్టానికి, అందులో ఆసక్తి గల వ్యక్తులందరికీ పూర్తి పరిహారం చెల్లించాలి. ఈ వాక్యంలో భూయజమాని అనే పదం లేదు. ఆసక్తి గల వ్యక్తులందరూ అని ఉంది. కౌలుదారు, తోటను గుత్తకు తీసుకున్న వ్యాపారి కూడా తమకు జరిగిన నష్టం మేరకు ఇందులోకి వస్తారు.

సెక్షన్ 16: రైతు అభ్యంతరం తెలిపి పనిని అడ్డుకుంటే సంస్థ జిల్లా మేజిస్ట్రేటును ఆశ్రయించి అనుమతి పొందవచ్చు. ఆ ఉత్తర్వు తరువాత కూడా అడ్డుకోవడం శిక్షార్హం. పరిహారం చాలినంత లేదన్న వివాదాన్ని ఆ ప్రాంతంపై అధికార పరిధి గల జిల్లా జడ్జి నిర్ణయిస్తారు. పరిహారం ఎవరికి చెందాలి, ఏ నిష్పత్తిలో పంచాలి అన్న వివాదం ఏర్పడితే సంస్థ ఆ సొమ్మును జిల్లా జడ్జి కోర్టులో జమ చేయవచ్చు. జిల్లా జడ్జి నిర్ణయమే అంతిమమని చట్టం చెబుతుంది. అందువల్ల మొదటి దశలోనే సాక్ష్యం బలంగా ఉండటం అత్యవసరం.

సెక్షన్ 17: భూయజమాని తరువాతి కాలంలో తన భూమిని మరో విధంగా వినియోగించదలచి, లైన్ అందుకు అడ్డుగా ఉంటే దానిని తొలగించమని లేదా మార్చమని కోరవచ్చు. అప్పటికే పరిహారం అందుకొని ఉంటే, మార్పు ఖర్చును గాని, అందుకున్న పరిహారంలో సగాన్ని గాని, ఏది తక్కువైతే దానిని ముందుగా జమ చేయాలి.

2003 చట్టం 68వ సెక్షన్ చెట్ల సంగతిని విడిగా ప్రస్తావిస్తుంది. లైన్ వేయకముందే ఉన్న చెట్టును తొలగిస్తే సహేతుకమైన పరిహారం ఇవ్వాలి. లైన్ వచ్చిన తరువాత నాటిన చెట్టుకు ఆ హక్కు లేదు. తోట వయస్సును నిర్ధారించే నమోదుకు ఇంత ప్రాముఖ్యం ఉండటానికి కారణం ఇదే.

164వ సెక్షన్ కింద అధికారం లేని సంస్థ పని చేస్తుంటే మార్గం వేరు. 67వ సెక్షన్, లైసెన్సుదారుల పనుల నియమాలు (కేంద్రం, 2006) వర్తిస్తాయి. వాటి ప్రకారం యజమాని ముందస్తు సమ్మతి అవసరం. అభ్యంతరం వస్తే జిల్లా మేజిస్ట్రేటు అనుమతితో పాటు పరిహారాన్ని గాని, వార్షిక అద్దెను గాని నిర్ణయిస్తారు. ఆ ఉత్తర్వుపై విద్యుత్ నియంత్రణ మండలికి పునఃపరిశీలన కోసం వెళ్లవచ్చు. కనుక రైతు అడగవలసిన మొదటి ప్రశ్న: ఈ సంస్థ ఏ అధికారంతో నా పొలంలోకి వచ్చింది?

2.2 న్యాయస్థానాల వైఖరి

164వ సెక్షన్ అధికారం ఉన్న సంస్థ భూయజమాని ముందస్తు సమ్మతి పొందనవసరం లేదని పవర్‌గ్రిడ్, సెంచరీ టెక్స్‌టైల్స్ మధ్య కేసులో సుప్రీంకోర్టు 2016 డిసెంబరులో స్పష్టం చేసింది. దీని సారాంశం రైతులకు సూటిగా చెప్పాలి. లైన్‌ను ఆపించడం చాలా కష్టం. పరిహారాన్ని సరిగా రాబట్టుకోవడం సాధ్యం. మొదటి పోరాటంలో సమయం గడిచిపోయి రెండవదానికి ఆధారాలు మిగలకుండా పోయే పరిస్థితి రాకూడదు.

కేరళ రాష్ట్ర విద్యుత్ బోర్డు, లివిష కేసులో (2007) సుప్రీంకోర్టు పరిహార నిర్ణయానికి పరిశీలించవలసిన అంశాలను పేర్కొంది. భూమి ఉన్న చోటు, అధిక వోల్టేజి లైన్ దూరం, భూమిపై లైన్ విస్తరించిన మేర, చిన్న కమతం మీదుగా లేదా భూమి మధ్యనుంచి వెళ్లిందా అన్న విషయం, భూమి విలువ ఇందులో ముఖ్యమైనవి. ఫలవృక్షాల పరిహారం కూడా ఆయా సందర్భపు వాస్తవాలపై ఆధారపడుతుందని చెప్పి, ఆ వివాదాన్ని తిరిగి పరిశీలించేందుకు హైకోర్టుకు పంపింది. అంతకు ముందు విమానాశ్రయ ప్రాధికార సంస్థ, సత్యగోపాల్ రాయ్ కేసులో (2002) చెట్ల నుంచి వచ్చే వార్షిక ఆదాయానికి 18 గుణకం ఎక్కువని, 8 సమంజసమని అదే న్యాయస్థానం అభిప్రాయపడింది.

కాలపరిమితి విషయంలో కేరళ రాష్ట్ర విద్యుత్ బోర్డు, కున్హాలియుమ్మ కేసు (1976) గుర్తుంచుకోదగినది. టెలిగ్రాఫ్ చట్టం కింద జిల్లా జడ్జికి పెట్టుకునే పరిహార దరఖాస్తుకు 1963 కాలపరిమితి చట్టంలోని 137వ అధికరణం, అనగా మూడేళ్ల గడువు, వర్తిస్తుందని అందులో నిర్ణయమైంది. అధికారుల చుట్టూ తిరుగుతూ మూడేళ్లు గడిపితే హక్కు చేజారే ప్రమాదం ఉంది.

2.3 మార్గదర్శకాలు

కేంద్ర విద్యుత్ మంత్రిత్వ శాఖ 2015 అక్టోబరు 15న జారీ చేసిన మార్గదర్శకాలు టవర్ పునాది స్థలానికి భూమి విలువలో 85 శాతం, లైన్ కారిడార్‌లో భూమి విలువ తగ్గుదలకు గరిష్ఠంగా 15 శాతం సూచించాయి. 2024 జూన్ 14 మార్గదర్శకాలు వీటిని సవరించి టవర్ స్థలానికి 200 శాతం, కారిడార్‌కు 30 శాతం అన్నాయి. టవర్ స్థలమంటే నాలుగు కాళ్ల మధ్య నేలతో పాటు ప్రతి వైపు ఒక మీటరు అదనం. 2025 మార్చిలో వచ్చిన అనుబంధ మార్గదర్శకాలు మార్కెట్ ధర నిర్ధారణ కమిటీ విధానాన్ని వివరించి, పట్టణ ప్రాంతాల కారిడార్ శాతాన్ని పెంచాయి. గ్రామీణ ప్రాంతాలకు 30 శాతమే కొనసాగింది.

ఈ విషయంలో మూడు అంశాలు గమనించాలి. ఒకటి, ఇవి 66 కె.వి., అంతకు మించిన టవర్ లైన్లకు ఉద్దేశించినవి. 11, 33 కె.వి. స్తంభాల లైన్లకు ఈ శాతాలు వర్తించవు, అయితే పంట, చెట్ల నష్టానికి చట్టపరమైన హక్కు అక్కడా ఉంటుంది. రెండు, ఈ మొత్తం పంట, చెట్ల నష్టపరిహారానికి అదనం. ఒకటి ఇచ్చి రెండవది కలిసిపోయిందని చెప్పడానికి వీలులేదు. మూడు, రాష్ట్రాలు తమ ఉత్తర్వుల ద్వారా వీటిని స్వీకరించే విధానం ఉంది. కాబట్టి పని మొదలైన తేదీన అమలులో ఉన్న రాష్ట్ర ఉత్తర్వు ప్రతిని కలెక్టరు కార్యాలయం నుంచి తీసుకొని ఫైలులో ఉంచడం మొదటి పని.

3. లైన్ కింద సాగుకు ఏర్పడే భౌతిక పరిమితులు

భూమి విలువ ఎందుకు తగ్గుతుందో తెలియాలంటే తీగల ఎత్తును, చెట్ల ఎత్తును కలిపి చూడాలి. ప్రామాణిక భద్రతా నిబంధనల ప్రకారం 33 కె.వి. లైన్ తీగ నేలకు కనీసం 5.2 మీటర్ల ఎత్తులో ఉండాలి. ఆపై ప్రతి 33 కె.వి.కి లేదా అందులో భాగానికి 0.3 మీటరు చొప్పున పెరగాలి. తీగకు, చెట్టుకు మధ్య ఉండవలసిన కనీస దూరం 132 కె.వి.కి 4.0 మీటర్లు, 220 కె.వి.కి 4.6 మీటర్లు, 400 కె.వి.కి 5.5 మీటర్లు. తీగ ఎత్తు నుంచి ఈ దూరాన్ని తీసివేస్తే, తీగ అత్యంత కిందికి వాలే చోట చెట్టుకు మిగిలే ఎత్తు తెలుస్తుంది.

132 కె.వి.: కారిడార్ వెడల్పు 27 మీ.; తీగ కనీస ఎత్తు 6.1 మీ.; చెట్టుకు మిగిలేది 2.1 మీ.; 100 మీటర్ల పొడవుకు కారిడార్ విస్తీర్ణం సుమారు 67 సెంట్లు.

220 కె.వి.: వెడల్పు 35 మీ.; తీగ ఎత్తు 7.0 మీ.; చెట్టుకు మిగిలేది 2.4 మీ.; విస్తీర్ణం సుమారు 86 సెంట్లు.

400 కె.వి.: వెడల్పు 46 మీ.; తీగ ఎత్తు 8.8 మీ.; చెట్టుకు మిగిలేది 3.3 మీ.; విస్తీర్ణం సుమారు 114 సెంట్లు.

సాంప్రదాయికంగా 10 × 10 మీటర్ల దూరంలో పెరిగిన బంగినపల్లి చెట్టు ఈ ఎత్తుల్లో ఇమడదు. 220 కె.వి. లైన్ మధ్యభాగంలో మామిడి సాగు దాదాపు అసాధ్యం. 400 కె.వి. లైన్ కింద ఏటా కత్తిరింపులతో మూడు మీటర్ల లోపు ఉంచే అధిక సాంద్రత తోటకు కొంత అవకాశం కనిపిస్తుంది. అయితే కోతకు వాడే పొడవైన చిక్కం, ముఖ్యంగా లోహపు గొట్టంతో చేసినది, చెట్టుకన్నా ఎత్తుకు వెళుతుంది. చెట్టు ఎత్తు సురక్షితమైనంత మాత్రాన కోత సురక్షితం కాదు. టవర్ల సమీపంలో తీగ ఎత్తుగా ఉంటుంది కనుక అక్కడ కొన్ని చెట్లను కత్తిరింపుతో నిలుపుకోవచ్చు. దీనికి లైన్ నిలువుకోత పటాన్ని సంస్థనుంచి కోరాలి. ఆ పటం లేకుండా కారిడార్‌లోని చెట్లన్నింటినీ నరకడం, సాధ్యమైనంత తక్కువ నష్టం అన్న చట్టపు నియమానికి విరుద్ధం.

ఏకవార్షిక పంటలకు ఎత్తు సమస్య లేకున్నా ఇతర పరిమితులు ఉంటాయి. ఇనుప తీగల పందిరి కూరగాయలు, లోహపు స్తంభాల షేడ్‌నెట్‌లు, పొడవైన తీగ కంచెలపై ప్రేరిత విద్యుత్తు ఏర్పడవచ్చు. వాటిని సరిగా భూమికి అనుసంధానం చేయాలి. ఎత్తుగా చిమ్మే రెయిన్‌గన్‌ల వాడకం, లైన్ కింద చెత్త తగలబెట్టడం, గడ్డివాములు వేయడం ప్రమాదకరం. కొత్త బోరు వేయడానికి రిగ్గు మాస్టును లేపడం కుదరదు. కారిడార్‌లో ఇల్లు, షెడ్డు, కోళ్లఫారం వంటి నిర్మాణాలకు అనుమతి ఉండదు. ఇవన్నీ భవిష్యత్ వినియోగంలో నష్టాలే.

4. నష్టాల వర్గీకరణ

తక్షణ నష్టం: సర్వే, పునాది తవ్వకం, టవర్ నిలబెట్టడం, తీగలు లాగడం అనే దశల్లో నిలిచి ఉన్న పంటకు జరిగే నష్టం. ఒకే పొలంలో ఇవి వేర్వేరు పంటకాలాల్లో జరగవచ్చు. ప్రతి దశకూ విడిగా పంచనామా ఉండాలి.

మధ్యకాలిక నష్టం: భారీ యంత్రాల రాకపోకలతో నేల గట్టిపడటం, పునాది గుంటలోని అడుగుమట్టి, కంకర, సిమెంటు వ్యర్థాలు పైమట్టిలో కలవడం, గట్లు, మురుగు కాలువలు, డ్రిప్పు పైపులు దెబ్బతినడం. చల్క నేలల్లో పైమట్టి లోతు తక్కువ కనుక దాని నష్టం ఒక్క పంటతో పోదు. పైమట్టిని విడిగా తీసి, పని పూర్తయ్యాక తిరిగి పరచాలని ముందే రాతపూర్వకంగా కోరాలి.

దీర్ఘకాలిక నష్టం: చెట్లను కోల్పోవడం, తక్కువ ఆదాయపు పంటకు మారవలసి రావడం, టవర్ చుట్టూ దుక్కికి అందని నేల, ముక్కలైన పొలంలో పెరిగిన సాగు ఖర్చు, భూమి విలువ తగ్గుదల.

పనికి అనువైన కాలాన్ని సూచించడం కూడా వ్యవసాయ శాస్త్రవేత్త చేయగల సేవ. పత్తి, మిరప భూముల్లో మిరప కోతలు ముగిశాక ఏప్రిల్, మే నెలల్లో పని జరిగితే నష్టం స్వల్పం. అదే నెలలు మామిడికి కోతకాలం. మామిడి తోటల్లో కోతలు ముగిసిన జూన్ చివరి నుంచి పూత రాకముందు వరకు అనువైన కాలం. తిరువూరు వంటి మిశ్రమ సాగు ప్రాంతంలో లైన్ అంతటికీ ఒకే పని కాలం సరిపోదు. మండలాల వారీ పంటల క్యాలెండరును సంస్థకు ముందుగా అందజేస్తే చెల్లించవలసిన పరిహారమూ తగ్గుతుంది, రైతు నష్టమూ తగ్గుతుంది.

5. చెట్ల, దిగుబడి నష్టాల అంచనా

5.1 ఆధార దిగుబడి

మామిడి ఒక ఏడాది విరగకాచి మరుసటి ఏడాది తగ్గే స్వభావం గల పంట. తోటను తొలగించిన ఏడాది కాపు తక్కువైన ఏడాది అయితే ఆ ఒక్క ఏటి దిగుబడి ఆధారంగా లెక్కించడం రైతుకు అన్యాయం. విరగకాసిన ఏడాది అయితే సంస్థకు అన్యాయం. రెండు ఎక్కువ, రెండు తక్కువ కాపులు ఇమిడేలా కనీసం నాలుగేళ్ల సగటు తీసుకోవాలి. ఈ ప్రాంతంలో తోటలను పూత, పిందె దశల్లో గుత్తకు ఇచ్చే ఆచారం ఉన్నందున గుత్త ఒప్పందాలు, మార్కెట్ చీటీలు, బ్యాంకు జమలు ఆదాయానికి సాక్ష్యాలవుతాయి. నమోదులు లేనిచోట పక్కనే ఉన్న అదే వయస్సు, అదే రకం తోటల దిగుబడిని నమూనా లెక్కింపుతో చూపాలి.

5.2 చెట్టు దశను బట్టి పద్ధతి

కాపుకు రాని మొక్కలకు అప్పటివరకు పెట్టిన ఖర్చును, దానిపై వడ్డీని, తిరిగి అదే దశకు రావడానికి పట్టే కాలాన్ని లెక్కించాలి. కాపు చెట్లకు మిగిలిన ఆర్థిక జీవితకాలంలో వచ్చే నికర ఆదాయపు ప్రస్తుత విలువను లెక్కించాలి. కలప విలువ ఎవరికి దక్కిందో విడిగా రాయాలి. గట్లపై టేకు వంటి చెట్లకు అటవీ శాఖ అంచనా, పండ్ల చెట్లకు ఉద్యాన శాఖ అంచనా ప్రాతిపదిక అవుతాయి.

5.3 ఊహాత్మక ఉదాహరణ

ఈ క్రింది అంకెలు పద్ధతిని వివరించడానికి మాత్రమే. 90 × 90 మీటర్ల తోట, అంటే సుమారు రెండెకరాలు, అనుకుందాం. దాని మధ్యగా 400 కె.వి. లైన్ వెళ్లింది. ఒక టవర్ తోటలోనే పడింది. కారిడార్ విస్తీర్ణం 46 × 90 = 4,140 చదరపు మీటర్లు. టవర్ స్థలం అదనపు మీటరుతో కలిపి 15 × 15 = 225 చదరపు మీటర్లు, అంటే 5.56 సెంట్లు. మిగిలిన కారిడార్ 3,915 చదరపు మీటర్లు, అంటే 96.74 సెంట్లు.

ఎకరం విలువ 20 లక్షల రూపాయలైతే సెంటు 20,000. 2024 మార్గదర్శకం ప్రకారం టవర్ స్థలానికి 2,22,400, కారిడార్‌కు 5,80,440, మొత్తం 8,02,840 రూపాయలు. అదే విస్తీర్ణానికి 2015 శాతాలు వర్తింపజేస్తే 94,520, 2,90,220 కలిపి 3,84,740 రూపాయలు. ఏ ఉత్తర్వు వర్తిస్తుందన్న ప్రశ్నకు ఉన్న విలువ ఇది. ఇక ఎకరం విలువను రిజిస్ట్రేషన్ పట్టికలోని 8 లక్షలుగా తీసుకుంటే 2024 శాతాలతోనే మొత్తం 3,21,136 రూపాయలకు పడిపోతుంది. శాతాల గురించి జరిగే చర్చ కన్నా మూల విలువ గురించిన చర్చ ముఖ్యమని ఈ లెక్క చెబుతున్నది.

ఇక చెట్లు. కారిడార్‌లో 40 కాపు చెట్లు, చెట్టుకు ఏటా సగటు నికర ఆదాయం 1,500 రూపాయలు అనుకుంటే ఏటి నష్టం 60,000. గుణకం 8 అయితే పరిహారం 4,80,000. అయితే చెట్లు పోయిన నేలలో రైతు అపరాలో, మొక్కజొన్నో వేసి ఏటా 25,000 సంపాదించగలడని సంస్థ వాదించవచ్చు. అప్పుడు నికర నష్టం ఏటా 35,000. దీనికి 8 గుణకంతో 2,80,000 వస్తుంది. ఇరవై ఏళ్ల ఆదాయాన్ని 8 శాతం వడ్డీతో ప్రస్తుత విలువకు మారిస్తే గుణకం 9.818, మొత్తం 3,43,630. వడ్డీ 5 శాతమైతే గుణకం 12.462, మొత్తం 4,36,170. ఒకే తోట, ఒకే దిగుబడి ఉన్నప్పటికీ ఊహలు మారినప్పుడు ఫలితం 2.8 లక్షల నుంచి 4.8 లక్షల వరకు మారింది.

అందువల్ల నివేదికలో ఒకే తుది అంకె ఇచ్చి ఊరుకోవడం సరికాదు. ప్రతి ఊహను విడిగా చూపాలి. ప్రత్యామ్నాయ పంట ఆదాయాన్ని పరిగణించారా లేదా చెప్పాలి. ఒకే నష్టాన్ని రెండుచోట్ల లెక్కించలేదని నిర్ధారించాలి. అతిశయోక్తి ఉన్న నివేదిక మొదటి ఎదురు ప్రశ్నకే కూలుతుంది. దానితో పాటు రైతు చెప్పిన నిజమైన నష్టంపైన కూడా నమ్మకం పోతుంది.

5.4 నేల నష్టం కొలత

కారిడార్‌లోని, దానికి ఆనుకొని బయట ఉన్న ఒకే నేల రకపు జంట మళ్లను ఎంచుకోవాలి. కనీసం ఐదారు జతలు అవసరం. 0–15, 15–30 సెంటీమీటర్ల లోతుల్లో నేల స్థూల సాంద్రత, పెనిట్రోమీటరు నిరోధం, నీరు ఇంకే రేటు, సేంద్రియ కర్బనం కొలవాలి. పని ప్రారంభానికి ముందు ఒకసారి, పూర్తయిన వెంటనే ఒకసారి, ఆపై రెండు మూడు పంటకాలాలు వరుసగా దిగుబడితో పాటు నమోదు చేయాలి. ముందస్తు కొలత లేకపోతే తరువాతి తేడాకు లైనే కారణమని నిరూపించడం కష్టం. వివిధ నేలల్లో ఈ పునరుద్ధరణకు ఎంత కాలం పడుతుందన్నది స్నాతకోత్తర విద్యార్థులు చేపట్టదగిన పరిశోధనాంశం.

6. కౌలుదారు సమస్య

భూమి విలువ తగ్గుదలకు ఇచ్చే మొత్తం సహజంగా యజమానికి చెందుతుంది. నిలిచి ఉన్న పంట నష్టం మాత్రం పెట్టుబడి పెట్టి సాగు చేసినవారిది. చెల్లింపులు సాధారణంగా రెవెన్యూ రికార్డులోని పేరు ఆధారంగా జరుగుతాయి. నోటి మాటపై కౌలు చేసే రైతు పేరు అక్కడ ఉండదు. ఎకరం మిరపకు భారీగా పెట్టుబడి పెట్టిన కౌలుదారు కళ్ల ముందే పంట తొక్కబడి, సొమ్ము మరొకరి ఖాతాలో జమకావడం చట్టం ఉద్దేశించినది కాదు.

దీనికి నివారణ ముందుగానే జరగాలి. ఆంధ్రప్రదేశ్ పంట సాగుదారుల హక్కుల చట్టం, 2019 కింద లభించే సాగు హక్కు పత్రం, ఈ-క్రాప్ నమోదు కౌలుదారు సాగుకు ఆధారాలు. రైతు సేవా కేంద్రంలోని వ్యవసాయ, ఉద్యాన సహాయకులు లైన్ మార్గంలోని సర్వే నంబర్లలో ఈ-క్రాప్ నమోదు వాస్తవ సాగుదారు పేరున ఉన్నదో లేదో ప్రత్యేకంగా సరిచూడాలి. యజమాని, కౌలుదారు ఇద్దరూ సంతకం చేసిన పంపకపు అంగీకార పత్రం పంచనామాకు జతచేస్తే వివాదం కోర్టు వరకు వెళ్లదు.

భూముల పునఃసర్వే జరిగిన గ్రామాల్లో పాత సర్వే నంబర్ల స్థానంలో కొత్త ల్యాండ్ పార్సిల్ నంబర్లు వచ్చాయి. లైన్ సర్వే పాత నంబరుతో, చెల్లింపు కొత్త నంబరుతో జరిగే చోట రెండింటినీ నివేదికలో పక్కపక్కనే రాయడం మేలు.

7. విస్తరణ శాస్త్రవేత్తలకు ఆచరణీయ సూచనలు

1. లైన్ మార్గం తెలిసిన వెంటనే, పని ప్రారంభానికి ముందే, గ్రామాన్ని సందర్శించాలి. ప్రతి కమతంలో చెట్ల రకం, వయస్సు, చుట్టుకొలత, ఎత్తు, కాపు దశను సంఖ్య వేసి నమోదు చేయాలి. తేదీ, స్థానం కనిపించేలా ఫొటోలు తీయాలి.

2. పట్టాదారు పాసుపుస్తకం, 1-బి, అడంగల్, ఈ-క్రాప్, గుత్త లేదా కౌలు పత్రాల ప్రతులను రైతు వద్ద ఒకే చోట ఉంచమని చెప్పాలి.

3. పంచనామాలో ఖాళీ గడులు ఉన్న పత్రంపై సంతకం చేయవద్దని, ప్రతి పొందాలని వివరించాలి. మొత్తంపై అంగీకారం లేకపోతే ‘అభ్యంతరంతో స్వీకరించాను’ అని రాసి తీసుకోవడం మంచిది.

4. నివేదికలో గమనించిన వాస్తవం, రైతు చెప్పిన విషయం, శాస్త్రవేత్త ఊహ అనే మూడింటినీ వేర్వేరుగా రాయాలి.

5. పరిహారం చాలలేదని భావిస్తే మూడేళ్ల గడువులోగా జిల్లా జడ్జిని ఆశ్రయించవచ్చని తెలపాలి. ఖర్చు భరించలేనివారికి జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ద్వారా ఉచిత న్యాయ సహాయం లభించే అవకాశాన్ని చెప్పాలి. మహిళలు, షెడ్యూల్డు కులాలు, తెగలవారు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఈ సహాయానికి అర్హులు.

6. పరిహారం అందిన తరువాత కూడా విస్తరణ సేవ ముగియదు. కారిడార్‌లో పెసర, మినుము, వేరుశనగ, పశుగ్రాసం, కూరగాయలు వంటి తక్కువ ఎత్తు పంటల ప్రణాళికను, కోతల సమయంలో భద్రతా జాగ్రత్తలను రైతుకు అందించాలి.

8. ముగింపు

విద్యుత్ లైన్ల అవసరం ఇంకా పెరుగుతుంది. సౌర, పవన విద్యుత్తును సుదూర ప్రాంతాల నుంచి తరలించడానికి మరిన్ని కారిడార్లు వస్తాయి. మన వ్యవసాయ బోర్లు తిరిగేదీ ఆ విద్యుత్తుతోనే. కనుక రైతు కోరేది లైన్ వద్దని కాదు, తన వంతుకు మించిన భారాన్ని తానొక్కడే మోయలేనని. చట్టంలోని పూర్తి పరిహారం అన్న రెండు మాటలు ఆచరణలో ఎంత పూర్తిగా నిలుస్తాయన్నది కొలతలపై ఆధారపడుతుంది. చెట్టు నేలకొరిగిన తరువాత దాని వయస్సును, కాపును చెప్పగల సాక్షి మిగలదు. ఆ చెట్టు నిలిచి ఉండగానే లెక్క రాసిన శాస్త్రవేత్త నమోదు పుస్తకమే ఆ సాక్ష్యం. వ్యవసాయ కళాశాలల విస్తరణ పాఠ్యాంశాల్లో పంట నష్ట నిర్ధారణ, చెట్ల విలువ లెక్కింపు, భూ హక్కుల ప్రాథమిక అవగాహనకు కొన్ని గంటల బోధన, ఒక క్షేత్ర అభ్యాసం చేర్చడం ఈ దిశగా తొలి అడుగు కాగలదు.